ఎంబులూజి నీళ్ళు ముందు తాగినవాళ్ళు

మా ఇంటిపేరు మవెలానె. నేను పుట్టినప్పుడు ఏ పేరు పెట్టాలో తేలక మా వాళ్ళు నాలుగు రోజులు కొట్టుకున్నారట. ఇంటిపేరు మాత్రం నాకంటే ముందే వచ్చి గడపలో కూర్చుంది. పెళ్ళయి వెళ్ళాక అత్తింట్లో నలభై ఒక్క ఏళ్ళు నన్ను పేరుపెట్టి పిలిచినవాళ్ళు లేరు. లా మవెలానె అన్నారు, అంటే మవెలానె వాళ్ళ ఆడపిల్ల అని. గంజి కమ్మగా కుదిరితే లా మవెలానె, అడుగంటితే లా మవెలానె. మాలో ఆడది మొగుడి ఇంటిపేరు పెట్టుకోదు. తండ్రి పేరుతోనే కాపురం చేసి, తండ్రి పేరుతోనే మట్టిలోకి పోతుంది. మా ఆయన పోయాక నేను పుట్టింటికి, తమ్ముడు ఫన్యానా దగ్గరికి వచ్చేశాను. ఫన్యానా అంటే బుల్లోడు. బుల్లోడికి ఇప్పుడు డెబ్బై రెండు.

ఇంటిపేరు ఒక్కటే ఒంటరిగా ఉండదు. ఆవు వెంట దూడలాగా దాని వెంట ఒక పొగడిక ఉంటుంది. ఎవరైనా మేలు చేస్తే వాళ్ళ పొగడిక చదివి దండం పెడతాం. బిడ్డ ఏడుపు ఆపకపోతే అదే జోల. మనిషిని గోతిలోకి దింపేటప్పుడు కూడా అదే. మాది ఇలా నడుస్తుంది:

మవెలానె,
కొండ వెనక నుంచి నడిచొచ్చినవాడా,
కుండను చంకన పెట్టుకున్నవాడా,
పరాయివాడి కంటే ముందు
ఎంబులూజి నీళ్ళు తాగినవాడా.

ఈ చివరి ముక్కంటే ఫన్యానాకి ప్రాణం. ఈ ఎంబులూజి ఏటి ఒడ్డుకి అందరికంటే ముందు వచ్చింది మేమేనని, తక్కిన వాళ్ళంతా మా తర్వాత దిగినవాళ్ళేనని దాని అర్థంగా మా నాన్న చెప్పాడు. మా ప్రాంతాన్ని ఏలే దొర కొలువులో పొలం గట్ల తగాదా వచ్చినా, చావుకి పోయినా, చివరికి బస్సులో సీటు కోసం గొడవపడినా మా తమ్ముడు ఆ ముక్క చదవకుండా వదలడు. చదివేటప్పుడు మెడ కోడిపుంజు మెడలా సాగుతుంది. కొండ వెనక నుంచి వచ్చినవాడు ఏటికి మొదటివాడు ఎలా అయ్యాడని ఇంత కాలంలో ఒక్క మగాడూ అడగలేదు.

ఫన్యానా మనవరాలు తెమావె, కొడుకు కూతురు. తల్లి పట్నంలో ఉద్యోగం చేస్తుంటే నా చేతుల్లోనే పెరిగింది. ఇప్పుడు ఆసుపత్రిలో నర్సు. ఓ శనివారం ఇంటికొచ్చి, నేను గుమ్మడికాయ కోస్తుంటే పక్కన చతికిలబడి, మెంజి గమూలా అనే అబ్బాయి ఉన్నాడని, దిగువ నేలల్లో చెరకు మిల్లులో మెకానిక్ అని, వాళ్ళతో మనకి చుట్టరికం ఏమైనా ఉందేమో చెప్పమని అడిగింది. ఒకే ఇంటిపేరు వాళ్ళు చేసుకోకూడదని చిన్నపిల్లలకి కూడా తెలుసు. పేర్లు వేరైనా పొగడికలు కలిస్తే అదీ రక్తమే, అన్నాచెల్లెళ్ళ వరసే. అందుకే మనసు పూర్తిగా పారేసుకోకముందే పిల్లలు నాలాంటి ముసలివాళ్ళని అడుగుతారు. నేను కత్తి కింద పెట్టకుండానే చెప్పాను, గమూలా వాళ్ళతో మనకి రక్తం లేదు, నిశ్చింతగా చేసుకో అని. అంత గట్టిగా చెప్పడానికి నా దగ్గర కారణం ఉంది. ఆ కారణాన్ని బయట పెట్టాల్సి వస్తుందని మాత్రం అనుకోలేదు.

చలికాలం మధ్యలో, గడ్డి మీద మంచు ఇంకా తెల్లగా ఉన్నప్పుడే గమూలా వాళ్ళు పెళ్ళి మాటలకి వచ్చారు. వచ్చింది ముగ్గురు: మెంజికి తాతవరస అయిన ఎల్మన్ గమూలా, ఓ మేనమామ, వేరే ఇంటిపేరుగల ఒక మధ్యవర్తి. రివాజు ప్రకారం గేటు బయట నిలబడి మా పొగడిక చదవాలి, మేం వినపడనట్టు ఉండాలి. ఆ మధ్యవర్తికి మొదటి రెండు ముక్కలే వచ్చు. కొండ వెనక నుంచి, కుండను చంకన, మళ్ళీ కొండ వెనక నుంచి, మళ్ళీ కుండను చంకన. చలికి పళ్ళు టకటకమంటున్నా అవే తిప్పి తిప్పి చదువుతున్నాడు. ఫన్యానా కాళ్ళకున్న బూట్లనే మంచం కింద వెతుకుతూ అరగంట గడిపాడు. నేను పొయ్యి దగ్గర నవ్వు ఆపుకోలేక చచ్చాను.

చివరికి లోపలికి పిలిచి పెద్దింట్లో చాపల మీద కూర్చోబెట్టాం. ఆ ఇల్లు మా పెద్దల ఇల్లు, బతికున్నవాళ్ళూ పోయినవాళ్ళూ అందరూ అక్కడ వింటూనే ఉంటారు. జొన్న మొలకలు ఎండబెట్టిన దగ్గర్నుంచి గడ్డి జల్లెడలో వడకట్టేదాకా బీరు నా చేతి మీదే తయారైంది. మట్టికుండ నిండా నురగతో తెచ్చి, మోకాళ్ళ మీద కూర్చుని ఫన్యానా ముందు పెట్టాను. ముందు ఇంటాయన ఓ గుక్క తాగాలి. ఇందులో విషం లేదు, నా గుండెలోనూ లేదు అని చెప్పడమన్నమాట. ఆ తర్వాతే అతిథికి. దొర ఇంట్లోనైనా, కూలివాడి ఇంట్లోనైనా అంతే.

ఫన్యానా ఇంకా చెయ్యి చాపకముందే ఎల్మన్ ముందుకు వంగి కుండ ఎత్తుకున్నాడు. ఓ గుక్క తాగాడు, మీసం మీద నురగ తుడుచుకున్నాడు, కుండని మా తమ్ముడి చేతికి అందించాడు.

మా ఇంట్లో, మా కుండలో, మాకంటే ముందు. ఫన్యానా చెవులు ఎర్రబడ్డాయి. వెనక కూర్చున్న నా మేనల్లుడు గొంతు సవరించుకున్నాడు, అంటే వాడు కర్ర ఎక్కడుందో చూసుకుంటున్నాడని అర్థం. నేను మాత్రం ఎల్మన్ చేతుల్నే చూశాను. కక్కుర్తి పడినవాడు కుండని అలా పట్టుకోడు. రెండు చేతులతో, కళ్ళు దించుకుని, సమాధి దగ్గర నిలబడ్డవాడిలా తాగాడు. నా ఎడమ తొడ మీద చిన్ననాటి గిల్లుడు ఒకటి చురుక్కుమంది.

తెమావె కోసం ఫన్యానా అవమానాన్ని బీరుతోపాటు మింగేశాడు. తర్వాత, వచ్చిన ఇల్లు ఎలాంటిదో వినిపించండి అన్నాడు, కాస్త వెటకారంగానే. ఎల్మన్ లేచి నిలబడి కర్ర నేల మీద ఆనించి తమ పొగడిక ఎత్తుకున్నాడు.

గమూలా,
రెల్లు మధ్యన పుట్టినవాడా,
మొసలిని పేరుపెట్టి పిలిచినవాడా,
పరాయివాడి కంటే ముందు
ఎంబులూజి నీళ్ళు తాగినవాడా.

చివరి ముక్క దగ్గరికి వచ్చేసరికి ఫన్యానా లేచి నిలబడ్డాడు. "ఆగు గమూలా. ఆ మాట ఎక్కడిది నీకు?"

"మా తాతల దగ్గర్నుంచి వచ్చింది, మవెలానె."

"అది మాది."

మధ్యవర్తి ఏదో సర్దబోయాడు. ఫన్యానా వినలేదు. అతని వాదన రివాజుకి తగ్గట్టే ఉంది. ఒకే ముక్క రెండు ఇళ్ళలో ఉంటే ఆ రెండూ ఒకప్పుడు ఒకే ఇల్లు. ఒకే ఇల్లయితే మెంజి తెమావెకి అన్న అవుతాడు. పిల్ల కోసం మగపెళ్ళివారు ఇచ్చే ఆవుల మాట ఎత్తకముందే పెళ్ళి మాట అయిపోయింది. తాగిన బీరుకి దండం, ఇక దయచేయండి అన్నాడు. ముగ్గురూ బయటికి వెళ్ళి మరూలా చెట్టు కింద నిలబడ్డారు, కాస్త ఎండ ఎక్కాక బస్సుకి పోదామని.

వంటింట్లో తెమావె అంతా విన్నది. చిక్కుడు గింజల చేట ఒళ్ళో పెట్టుకుని, మంచిదీ పుచ్చుదీ ఒకే కుప్పలో వేస్తోంది. నేను పక్కన కూర్చున్నాను.

"అవ్వా, రక్తం లేదన్నావు."

"ఇప్పుడూ అదే అంటున్నాను."

"తాతయ్య ఉందంటున్నాడు. మెంజి ఇప్పుడే ఫోన్ చేశాడు, పట్నంలో ఆఫీసుకి పోయి సంతకాలు పెట్టేద్దామంటాడు." చేట పక్కకి పెట్టింది. "నేను వద్దన్నాను. తెల్లవారుజామున వాళ్ళ పశువుల దొడ్లో నిలబెట్టి, కోడలిగా నాకు ఎర్రమట్టి పూయాలి. వాళ్ళ పెద్దలు నన్ను లా మవెలానె అని పిలవాలి. నిజంగా వాడు నాకు అన్నే అయితే నేనే తలుపేసుకుంటాను, ఏడ్చుకుంటాను, అది నా గొడవ. కానీ ఒక మాట కలిసిందని ఊరికే పోగొట్టుకోను. నీకు తెలిసింది ఏదో ఉంది. నీ మొహం చూస్తే తెలుస్తోంది."

పిల్లలు నర్సులైతే ఇదే చిక్కు, మొహం చూసి జ్వరం చెప్పేస్తారు.

ఉన్నమాట ఇది. నాకు ఏడేళ్ళప్పుడు మా ఇంటికి ఓ ముసలాయన వచ్చాడు, ముంజేతుల నిండా రాగితీగ కడియాలు. గమూలా అన్నారు. మా అవ్వ బీరు కుండ తెచ్చింది. తెచ్చి మా తాత ముందు కాకుండా ఆ వచ్చినాయన ముందు పెట్టింది. ఆయనే ముందు తాగాడు, తర్వాత మా తాతకి ఇచ్చాడు. మా తాత దాన్ని రెండు చేతులతో అందుకున్నాడు. తప్పుగా పెట్టావవ్వా అని నేను గట్టిగా అన్నాను. అవ్వ నా తొడ మీద ఎంత గట్టిగా గిల్లిందంటే మచ్చ వారం ఉంది.

కొన్నేళ్ళ తర్వాత ఓ రోజు, ఇద్దరం రోట్లో మొక్కజొన్న దంచుతుంటే చెప్పింది. మా మొదటి మవెలానె కొండల అవతల నుంచి, కరువులోనో యుద్ధంలోనో అన్నీ పోగొట్టుకుని, పెళ్ళాన్నీ ఒక ఖాళీ కుండనీ వెంటబెట్టుకుని ఈ ఏటి దగ్గరికి వచ్చాడు. గమూలా వాళ్ళు అప్పటికే ఇక్కడ ఉన్నారు. కొత్త నీళ్ళంటే మావాడు భయపడ్డాడు. అప్పుడు గమూలా ఆ కుండలోనే నీళ్ళు ముంచి, ముందు తాను తాగి చూపించి, తర్వాత మావాడికి ఇచ్చాడు. ఇల్లు వేసుకోను చోటు చూపించాడు. ఈ రోజు నుంచి నువ్వూ ఈ నీటి మనిషివే, నా పొగడికలో ఒక ముక్క నీకూ ఇస్తున్నాను, ఎక్కడైనా తలెత్తుకు తిరుగు అన్నాడు. అంటే పరాయివాడి కంటే ముందు తాగింది వాళ్ళు. ఆ పరాయివాడే మేము. తర్వాత వాళ్ళు పశువుల మేతకని దిగువ నేలలకి పోయారు, రాకపోకలు తగ్గాయి, ముక్క మా దగ్గర మిగిలింది, అందులో మా చోటు ఏదో మాత్రం మా మగవాళ్ళు మరిచిపోయారు.

ఇది మగవాళ్ళకి చెప్పకే, వాళ్ళ మెడలు కుంచించుకుపోతాయి అంది అవ్వ. నేను రోకలి మీద చెయ్యి పెట్టి ఒట్టు వేశాను. గమూలా వాళ్ళ పొగడిక నేనెప్పుడూ వినలేదు, అందులో ఆ ముక్క అలాగే నిలిచి ఉందని తెలియదు. తెలిసుంటే పొద్దున్నే నోరు విప్పేదాన్ని. ఒట్టు సంగతి ఏమిటంటారా? అవ్వ పెద్దింట్లోనే ఉంది, వింటోంది. ఆమె మునిమనవడి బిడ్డ చిక్కుడు గింజలు చెడగొడుతోంది. వెళ్ళు అనే అంటుంది.

ఫన్యానా పశువుల దొడ్లో ఉన్నాడు. ఎర్రమట్టి పూసే ఆ ఒక్క పొద్దు తప్పితే ఆ దొడ్లో కోడళ్ళు అడుగు పెట్టకూడదు. నేను ఆడపడుచుని, పెట్టొచ్చు. తెల్లచుక్కల ఆవు మెడ గోకుతూ నిలబడ్డవాడికి మొత్తం చెప్పాను, ఒక్క ముక్క మింగకుండా.

ఆవుని గోకడం ఆపాడు. తర్వాత, నీ నోట్లో నువ్వుగింజ నానదు కదా, అరవై ఏళ్ళకి పైగా ఇది ఎలా దాచావు అన్నాడు. నానబెట్టాను కాబట్టే ఇంత పెద్దదైంది అన్నాను. నవ్వలేదు.

"జీవితమంతా దొర కొలువులో అదే చదివానక్కా. నాన్న గోతి మీద చదివాను. ఇప్పుడు నేను వెళ్ళి మేం అన్నం లేక వచ్చినవాళ్ళం అని చెప్పాలా?"

"అన్నం లేక రాలేదు. నీళ్ళు లేక వచ్చాం. కాస్త నయం."

"ఒక ముసలిదాని మాట. రోటి దగ్గర చెప్పుకున్న మాట."

"పొద్దున నీ కళ్ళ ముందు జరిగింది రోటి దగ్గర జరగలేదుగా. ఆయన నీ కుండలో ముందు తాగాడు."

"అది బలుపు."

"అయితే పిలిచి అడుగు. నేను నోరు మెదపను. నువ్వే అడుగు ఎందుకలా చేశావని."

ఫన్యానాకి నా మీద ఎంత కోపమున్నా పందెం అంటే కాదనలేడు, చిన్నప్పటినుంచీ అంతే. ఎల్మన్‌ని మళ్ళీ పెద్దింట్లోకి పిలిపించాడు. ఆయన చాప అంచు మీద, లేచిపోవడానికి సిద్ధంగా ఉన్నవాడిలా కూర్చున్నాడు. నేను గుమ్మం పక్కన, తెమావె నా వెనక. ఫన్యానా తిట్టలేదు, మెల్లగానే అడిగాడు.

ఎల్మన్ కర్ర వైపు చూస్తూ చెప్పాడు. "పొద్దున మీ మొహాలు చూసిన దగ్గర్నుంచి అదే బాధపడుతున్నాను, మవెలానె. మా తాత మాట అది. ఏ ఇంటికి పోయినా ఇంటాయన తాగేదాకా ఆగరా అనేవాడు. మవెలానె వాళ్ళింట్లో మాత్రం ఆగొద్దు, నువ్వే ముందు తాగి ఇవ్వు, అది వాళ్ళకి నువ్వు చేసే మర్యాద అనేవాడు. ఎందుకో చెప్పలేదు. నేనూ ఈ గడప తొక్కడం ఇదే మొదలు. దారి పొడుగునా భయపడుతూనే వచ్చాను. చెయ్యకపోతే తాత మాట పోతుంది, చేస్తే మీరు తంతారు."

"తాత చేతికి కడియాలు ఉండేవా?" నేను ఉండలేకపోయాను, అడిగేశాను.

"రాగితీగవి. మోచేతి దాకా."

ఫన్యానా నా వైపు చూశాడు. నేను మాట మీద నిలబడలేదని కాదు, ఇక తనకి దాక్కునేందుకు చోటు లేదని. అన్నదమ్ములైతే బీరు కాచిన ఇల్లే ముందు తాగుతుంది, అందులో తేడా లేదు. ఎదుటివాడు మన ఇంట్లో మనకంటే ముందు తాగాలంటే ఒక్కటే దారి: ఆ ఇల్లు నిలబడ్డ చోటు వాడు ఇచ్చినదై ఉండాలి. ఇచ్చినవాడూ పుచ్చుకున్నవాడూ అన్నదమ్ములు కారు. ఇదంతా మా తమ్ముడికి ఎవరూ విడమరిచి చెప్పనక్కర్లేదు, కొలువులో ఇతరులకి చెప్పేవాడే అతను.

తెమావె ఊపిరి నా మెడ మీద తగులుతోంది. ఫన్యానా మోకాళ్ళ మీద చేతులు వేసి కూర్చున్నాడు, చివరికి నాతో కుండ నింపుకు రమ్మన్నాడు. తెచ్చాను. ఎవరి ముందు పెట్టాలో నేను అడగలేదు, అతని చేతికే ఇచ్చాను. అతను కుండలోకి చూశాడు. నురగ అంచు దాకా ఉంది. పెదవి తగిలించకుండా, రెండు చేతులతో ఎత్తి ఎల్మన్‌కి అందించాడు.

"ముందు నువ్వు, గమూలా. నీళ్ళు మంచివో కావో మాకు తెలియదు. మేం కొండ వెనక నుంచి వచ్చినవాళ్ళం."

ఎల్మన్ రెండు చేతులతో అందుకున్నాడు, కొంచెం చాప మీద ఒలికింది. తాగాడు. తిరిగి ఇచ్చాడు. ఫన్యానా మాత్రం ఒక్క గుక్కతో ఆగలేదు, సగం కుండ లాగించాడు. నాన్న పోయినప్పుడు కూడా మనిషి ఇలాగే తాగాడు.

తర్వాత మధ్యవర్తిని పిలిచి, ఆవుల మాట మొదలుపెట్టమన్నాడు. పరాయివాళ్ళం అని తేలాక బేరంలో అసలు తగ్గలేదు. మాకు చోటు ఇచ్చినవాళ్ళు ఆవులివ్వడానికి వెనకాడతారా అని ఎల్మన్ మీదే మాట విసిరాడు. నేను బయటికి వచ్చేసరికి తెమావె మళ్ళీ చేట పట్టుకుని పుచ్చు గింజలన్నీ ఏరిపారేస్తోంది. ఫోన్ భుజానికీ చెవికీ మధ్య ఇరికించుకుని, అవతలివాడు మాట్లాడేది వింటోంది.

చలి పోయి వానలు పడ్డాక గమూలా వాళ్ళ దొడ్లో మా పిల్లకి ఎర్రమట్టి పూశారు. అప్పటినుంచీ వాళ్ళు దాన్ని లా మవెలానె అంటున్నారు. గంజి అడుగంటినప్పుడు కూడా అనే ఉంటారు.

మా ఇంట్లో పొగడిక మారింది. ఇప్పుడు మా పిల్లలు చివరి ముక్క ఇలా చదువుతారు: గమూలా ముందు తాగి ఇచ్చిన ఎంబులూజి నీళ్ళు తాగినవాడా. మార్చింది ఫన్యానాయే. మొదటిసారి దొర కొలువులో నిలబడి, అందరూ వినేలా చదివాడు. ఇప్పటికీ ఎక్కడికి పోయినా చదవకుండా రాడు, గొంతు మునుపటికంటే పెద్దదే, మెడా అంతే పొడుగు. ఆ ఒక్క ముక్క దగ్గర మాత్రం కాస్త తొందరపడతాడు.